బెయిలు మీద వచ్చిన చొక్కా

మా వీధి మలుపులో బొగ్గుల ఇస్త్రీపెట్టెతో బతికే ఆవిడను అందరం ఇస్త్రీ అక్క అనేవాళ్లం. మడత తేడా వస్తే కట్టుకున్నవాణ్ణయినా వదలదని వేళాకోళం చేసేవాళ్లం. తన బల్ల మీద ఎవరు బట్ట పెట్టినా అక్క కాదనేది కాదు. ఆ అలవాటే కొంప ముంచింది.

ఆవిడ తమ్ముణ్ణి పట్టపగలు, ఆ బల్ల ముందే, ఇసుక లారీల యజమాని పొడిచి చంపాడు. చూసింది అక్క ఒక్కతే. సాక్షులను బెదిరించకూడదన్న షరతు మీద కోర్టు అతనికి బెయిలిచ్చింది. బయటికొచ్చిన వారానికే వచ్చి బల్ల మీద చొక్కా పెట్టాడు. నోరు విప్పలేదు, చూస్తూ నిలబడ్డాడు. అక్క చేతులు అలవాటుగా ఇస్త్రీ చేసేశాయి. ఇక రోజూ అదే తంతు. పిల్లికి ఎలుక సాక్ష్యమని నవ్వినవాళ్లున్నారు. వాళ్లను తలుచుకుంటే నాకిప్పటికీ ఒళ్లు మండుతుంది.

మొగుణ్ణి పోగొట్టుకున్న మరదలు పోరగా పోరగా అక్క సర్కారు వకీలుతో చెప్పుకుంది. ఆయన బెయిలు రద్దు చేయమని పిటిషన్ వేశాడు. కోర్టులో అవతలి వకీలు అడిగినవి చిన్న ప్రశ్నలే. బెదిరించాడా? లేదు. తిట్టాడా? లేదు.

"మరి అతని చొక్కాలు ఎందుకు ఇస్త్రీ చేశావమ్మా?"

"బల్ల మీద పెట్టాడండీ."

హాలంతా నవ్వింది. భయమేసిందన్న ఒక్క మాట అక్క గొంతు దాటలేదు. జడ్జిగారు మాత్రం నవ్వలేదు. ఒకసారి ఇచ్చిన స్వేచ్ఛను గట్టి కారణం లేకుండా లాక్కోలేమని, బెదిరించినట్టు రుజువు లేదని నిదానంగా చెప్పి పిటిషన్ కొట్టేశారు. చట్టం ప్రకారం అది సబబే కావచ్చు. నాకు మాత్రం ఏడుపొచ్చింది.

మర్నాడు అతను తెచ్చింది చొక్కా కాదు, చనిపోయిన తమ్ముడి కూతురి స్కూలు గౌను. పొద్దున్నే మరదలు ఉతికి ఇంటి వెనక తీగ మీద ఆరేసింది. ఇంకా తడిగానే ఉంది.

"గాలికి పడిపోయిందక్కా. పిల్ల బడికెళ్లాలి కదా అని తెచ్చా" అన్నాడు.

అక్క దాన్నీ ఇస్త్రీ చేసింది. మరదలికి చెబితే పిల్లను గడప దాటనివ్వదని ఆ సంగతి కడుపులోనే దాచుకుంది. నాకైనా చాలా కాలానికి చెప్పింది.

విచారణ రోజు బోనెక్కి, తమ్ముణ్ణి ఎవరు పొడిచారో తాను చూడలేదంది. పిల్ల ఇప్పుడు పెద్ద చదువులు చదువుతోంది. తల్లీకూతుళ్లిద్దరూ అక్క ముఖం చూడరు.