దబ్బనం దిగిన పాస్‌పోర్టు

అప్పట్లో నేను నర్సీపట్నం ఆసుపత్రిలో నర్సుని. కువైట్‌లో ఒక ఆసుపత్రిలో ఉద్యోగం వచ్చింది, పాస్‌పోర్టులో వీసా కూడా పడింది. టిక్కెట్టు తీయమని ఆ పుస్తకాన్ని మా ఊరి ఏజెంటు చేతిలో పెట్టాను. వారం తిరక్కుండా దొంగ వీసాల కేసులో పోలీసులు అతన్ని పట్టుకుపోయారు. అతని బీరువాలో దొరికిన పాస్‌పోర్టులన్నీ జప్తు చేశారు. నా వీసా నిఖార్సయినదే. కానీ దాని గడువు రెండు నెలలే. ఈలోగా విమానం ఎక్కకపోతే ఉద్యోగం పోయినట్టే. పాస్‌పోర్టు ఇప్పించమని కోర్టులో పిటిషను వేశాను.

బడిపంతులైన మా నాన్న అంతవరకూ కోర్టు గుమ్మం ఎక్కి ఎరగడు. మేష్టారి అమ్మాయి కోర్టు చుట్టూ తిరుగుతోందట అని ఊళ్ళో ఒకటే గుసగుసలు. నేనేమైనా దొంగతనం చేశానా? అన్నవాళ్ళని నిలబెట్టి కడిగేద్దామనిపించేది.

మూడు వాయిదాలయ్యాక, అడిగినప్పుడు తెచ్చి చూపించాలన్న షరతు మీద పాస్‌పోర్టు ఇచ్చేయమని మేజిస్ట్రేటు ఆర్డరు వేశారు. గడువుకి ఇంకా తొమ్మిది రోజులున్నాయి. దేవుడు వరమిచ్చినా పూజారి వరమివ్వడన్నట్టు, కేసుల సొత్తు చూసే గుమాస్తా సెలవులో ఉన్నాడు. అలా రెండు రోజులు పోయాయి.

మూడో రోజున గుమాస్తా ఎదుట హెడ్ కానిస్టేబులు గుడ్డమూట సీలు విప్పాడు. ఆఫీసు కాగితాలు కుట్టినట్టే, పాస్‌పోర్టులన్నిటికీ దబ్బనం పొడిచి పురికొసతో ఒకే కట్టగా కుట్టేశారు.

"ఒక్కటీ జారిపోకుండా నా సేత్తోనే కుట్టేనమ్మా," అన్నాడు హెడ్డు గర్వంగా. "ఏటి, అలా సూస్తన్నావు?"

దారం కోసి నాది నాకిచ్చాడు. ఫొటోలో నా జడ దగ్గర కన్నం. వీసా నంబరులో ఒక అంకె మాయం. ఒళ్ళు మండిపోయింది. తిడదామంటే, పాపం, ఆయన జాగ్రత్త కోసమే చేశాడు.

గుమాస్తా రిజిస్టరు నా వైపు తిప్పాడు. 'మంచి స్థితిలో ముట్టినది' అని ముందే రాసి ఉంది.

"ఇది మంచి స్థితా అండీ?"

"అందరికీ అలాగే రాస్తామమ్మా. సంతకం ఎట్టకపోతే మల్లీ మూటలో కట్టీస్తాను. ఇంకో పిటిషను ఏసుకోండి."

నాన్న నా మోచెయ్యి పట్టుకున్నాడు. "ఎట్టీయమ్మా. బేగి ఎల్లిపోదాం. సిన్న కన్నమే కదా."

పెట్టాను.

కన్నం పడిన పుస్తకం చెల్లదన్నారు టిక్కెట్ల ఆఫీసువాళ్ళు. యలమంచిలిలో రైలెక్కి హైదరాబాదు వెళ్తే, కోర్టులోనే పాడయిందని కాగితం తెమ్మన్నారు పాస్‌పోర్టు ఆఫీసులో. తిరిగొచ్చేసరికి మూడు రోజులే మిగిలాయి. గుమాస్తా రిజిస్టరు తీసి, నా సంతకం మీద వేలు పెట్టి చూపించాడు.

గడువు తీరిన రోజు నాన్న కంచం ముందు నుంచి లేచిపోయాడు. "నేనే ఎట్టమన్నాను," అన్నాడు.

ఊరుకో నాన్నా, నీ తప్పు కాదు అనాల్సింది. అనలేదు. ఊళ్ళోవాళ్ళ మీద, హెడ్డు మీద, గుమాస్తా మీద చూపించలేని కోపమంతా ఆయన మీదే చూపించాను. నెల్లాళ్ళు ఆయనతో మాట్లాడలేదు.