ఇద్దరి ముఖాలూ ఒకే ఫోటోలో

నలభై ఏళ్లుగా ఒక పేరు నా గొంతులో ఇరుక్కుని ఉంది. అది నా కలం పేరేనని ఎవరికీ చెప్పలేదు. మొదట మీకే చెబుతున్నాను.

సూర్యాపేటలో గుడ్డల దుకాణంలో పనిచేసేవాణ్ని. ఏడో తరగతితో బడి ఆగిపోయింది. మధ్యాహ్నాలు గ్రంథాలయంలో కూర్చుని బీరువాలన్నీ చదివేశాను. ఆ గర్వం ఇప్పటికీ ఉంది, దాచను. అక్కడ ఫోటోగ్రఫీ మీద ఉన్న ఒకే ఒక్క పుస్తకం చదివేసి, పక్క స్టూడియోలో పనిచేసే యాదగిరికి పాఠాలు చెప్పేవాణ్ని.

కోదాడలో హాస్యనాటికల పోటీలకు ఫోటోలు తీయడానికి వెళ్తూ అతను నన్నూ తీసుకెళ్లాడు. వేదిక మీద అల్లుడు అబద్ధం ఆడుతున్నాడు. వెనక నిలబడి మామ వింటున్నాడు.

"మాట్లాడెటోని మొఖం దగ్గరికెళ్లి తియ్యి. బుక్కుల గట్లనే ఉంది" అన్నాను.

"నీ బుక్కుల ఎవరన్న నవ్విన్రా అన్నా? అబద్ధమాడెటోని మొఖంల నవ్వేముంటది? ఎనక ఇనెటోని మొఖంల ఉంటది. ఇద్దర్నీ ఒక్కదాంట్ల పట్టాలె. జర ఎనక్కి జరుగు."

మర్నాడు ప్రింటు చూశాను. మాట లేదు, చప్పుడు లేదు. అయినా నవ్వు ఆగలేదు. ఇన్ని పుస్తకాలు చదివిన నాకు తట్టనిది, సంతకం తప్ప సరిగా రాయలేని ఇతనికి ఎక్కణ్నుంచి వచ్చింది? అబ్బురపడ్డాను. దాని వెంట ఇంకోటి కూడా పుట్టింది. అది అసూయ అని ఒప్పుకోవడానికి ఇన్నేళ్లు పట్టింది.

ఆ వారమే యాదగిరి మాటల్ని నా భాషలో వ్యాసంగా రాసి, కలం పేరుతో వారపత్రికకు పంపాను. అచ్చయింది. గ్రంథాలయంలో నలుగురు మెచ్చుకుంటుంటే పక్కనే కూర్చుని విన్నాను.

కొన్నాళ్లకు హైదరాబాద్‌లో టీవీ వాళ్లు కెమెరా పనికి మనుషుల్ని తీసుకుంటున్నారంటే యాదగిరి ఆ ఫోటో పట్టుకుని వెళ్లాడు. ప్రశ్నలడిగినాయన ఆ వ్యాసం చదివి ఉన్నాడు. సాయంత్రం బస్సు దిగి యాదగిరి నేరుగా నా దగ్గరికే వచ్చాడు.

"నేను జెప్పిందంతా పేపర్ల సదివిందేనంట. సొంతంగ ఏమొస్తదో జెప్పమన్నడు. నాకేమొస్తది? గదే వస్తది."

కొలిచిన గుడ్డనే మళ్లీ మొదటి నుంచి కొలిచాను.

"పోనీ తియ్యే. గది రాసిన గంత సదువుకున్నాయన గూడ నా లెక్కనే అనుకున్నడంటే నేను కరెక్టే గదా? ఎవరో పెద్దాయన. నీకు తెలుసా అన్నా?"

"తెల్వదు" అన్నాను.

అప్పుడే చెప్పి ఉంటే? మర్నాటి బస్సుకు ఇద్దరం వెళ్లి ఆయన ముందు నిలబడి ఉంటే? పోయేది నా పేరైనా కాదు, కలం పేరు.

యాదగిరి తన కెమెరా అమ్ముకుని, హైదరాబాద్‌లో ఆ టీవీ వాళ్ల దగ్గరే లైట్లు మోసే పనిలో చేరాడు. మళ్లీ కెమెరా పట్టడానికి మూడేళ్లు పట్టింది.

అతను తీసిన మొదటి హాస్యనాటికను మిర్యాలగూడలో ఒక రైసుమిల్లు యజమాని ఇంట్లో టీవీలో చూశాను. బొమ్మ సగం చుక్కలే. అందులోనే అబద్ధమాడే భర్త, వెనక తలుపు దగ్గర వింటున్న భార్య, ఇద్దరూ ఒక్కసారే కనిపించారు. గది నవ్వింది. కిటికీ బయట నిలబడ్డ హమాలీలు నవ్వారు. ఎక్కడో ఉన్న ఒక మనిషి ఇన్ని ఊళ్లను ఒకే క్షణంలో నవ్విస్తున్నాడు! చేతులు జోడించాలనిపించింది. నవ్వలేకపోయింది నేనొక్కణ్నే.

తర్వాత అతను అలాంటివెన్నో తీశాడు. ఇప్పటికీ నన్ను "మా సదువుకున్న అన్న" అనే అందరికీ చూపిస్తాడు. ఇంకా చెప్పలేదు. మీరు క్షమిస్తే సరిపోదు, అది నాకు తెలుసు.

ఆ వ్యాసంలో ఆలోచన ఒక్కటీ నాది కాదు. ఈ కాగితం మాత్రం నాదే. రాసిన చెయ్యి కొంచెం తేలికైంది.