బంధువు కాని మేనమామ

ఆ రోజుల్లో దొరతనంవారు ఎరుకల కుటుంబాలపై నేరస్థులని ముద్రవేసి కంచెల మధ్య ఉంచేవారు. నంద్యాల దాటాక నా బస్సు అలాంటి కంచె దగ్గరే చెడిపోయింది. గేటు ముందు ఒక ఎరుకలాయన అరుస్తున్నాడు.

"అక్కా బావా సచ్చిపాయిరి. బిడ్డనియ్యమంటే, మేనమామ బంధువు కాదంటాండారు సామీ! మా కులంలో తండ్రి బతికున్నా ఆడబిడ్డ మీద మొదటి హక్కు మేనమామదే."

నాకు ఒళ్లు మండింది. "నన్ను పెంచింది మా మేనమామే. ఆయన నాకేమీ కాడా?" అని కాపలా జవానును నిలదీశాను.

జవాను గొంతు తగ్గించాడు. "నన్నూ మామే సాకినాడు సామీ. తండ్రి తరపోళ్లకే ఇయ్యాలని దొర హుకుం. కాదంటే నా నౌకరీ పోతాది."

లోపలి నుంచి పాప "మామా!" అని కేక వేసింది. జవాను కూడా ఉలిక్కిపడి తిరిగి చూశాడు. గేటు మాత్రం తెరవలేదు.