జెనీటా కాయలు కొట్టిన రాయి

జెనీటా గురించి చెప్పమంటే మా తాసివొలో ఊళ్ళో ఎవరైనా ముందు ఆమె చేసే పుడ్డింగ్ గురించే చెబుతారు. నేను మాత్రం ఆమె చేసే చప్పుడు గురించి చెబుతాను. ఆమె వంటింటికీ మా ఇంటికీ మధ్య ఉన్నది ఒక్క అరటి చెట్ల వరసే. పొద్దున్నే నేను టీ గ్లాసు పట్టుకుని కూర్చోగానే మొదలుపెట్టేది మహాతల్లి, టక్, టక్, టక్ అని. ఙాలి కాయలు కొట్టడం. ఙాలి కాయంటే బాదంకాయకి పెద్దన్న అనుకోండి. దాని పెంకు పగలాలంటే కింద ఒక రాయి, పైన ఒక రాయి, కొట్టేవాళ్ళకి కాస్త ఓపిక ఉండాలి. జెనీటాకి రాళ్ళున్నాయి గానీ ఓపిక ఎప్పుడూ లేదు. కాయతో పాత పగ ఏదో ఉన్నట్టు కొట్టేది. ఆ దెబ్బ మా గోడలోంచి వచ్చి నా దవడలో తగిలేది.

చప్పుడు సంగతి ఎలా ఉన్నా, పుడ్డింగ్ విషయంలో ఆమెని అనడానికి నాకు నోరు రాదు. కర్రపెండలం తురిమి, కొబ్బరి పాలు పోసి, ఙాలి పప్పు నూరి కలిపి, ఆకుల్లో చుట్టి, కాల్చిన రాళ్ళ మధ్య పూడ్చి ఉడికిస్తుంది. మా దీవుల రాజధాని హొనియారా వెళ్ళే బస్సులు ఆమె వంటింటి ముందు ఆగకుండా పోవు. డ్రైవర్లు హారన్ కూడా కొట్టరు, వాసనకి తామే దిగి వస్తారు. మొగుడు పోయాక ఆమె బతికింది ఆ తాటాకు పందిరి లాంటి వంటింటి మీదే. నాలుగు గుంజలు, సాగో చెట్టు ఆకుల కప్పు, మధ్యలో పొయ్యి, పొయ్యి పక్కన మట్టిలో ముప్పాతిక పాతిన ఆ కాయలు కొట్టే రాయి. అంతే ఆమె ఆస్తి.

ఆ రాయి ఆమె తల్లిది. ముసలావిడ చిన్నప్పుడెప్పుడో ఏట్లో దొరికితే వీపున వేసుకుని మోసుకొచ్చిందట. నల్లగా, గుండ్రంగా, పైన గరుకు పెచ్చు కట్టి ఉండేది. దాని నెత్తిన ఒక చిన్న గుంట. ఙాలి కాయని ఆ గుంటలో నిలబెడితే బిడ్డని ఉయ్యాల్లో పడుకోబెట్టినట్టు కదలకుండా నిలిచేది. అలాంటి రాయి ఈ చుట్టుపక్కల ఎవరికీ లేదు. పాస్టరుగారి భార్య దగ్గర్నుంచి అందరూ కాయల బుట్టలు పట్టుకుని జెనీటా వంటింటికే వచ్చేవాళ్ళు. నేనూ వెళ్ళేదాన్ని. ఎందుకు అబద్ధం చెప్పడం.

అలా సాగిపోతుండగా జెనీటా అక్క ఫ్లోరెన్స్ ఊడిపడింది. పెళ్ళయినప్పట్నుంచీ హొనియారాలో ఉన్న మనిషి. మొగుడు రిటైరయ్యాడు, ఊరికి వచ్చేశారు. వచ్చిన వారానికే ఆవిడ కన్ను రోడ్డు పక్క వంటింటి మీద పడింది. అక్కడ కొట్టు పెడుతుందట. సబ్బులు, బియ్యం, టిన్ను చేపలు. మా వైపు నేల తల్లి నుంచి కూతుళ్ళకి వస్తుంది. కూతుళ్ళు ఇద్దరయితే తగువు కూడా వాళ్ళకే వస్తుంది. ఫ్లోరెన్స్‌ది మామూలు గొంతు కాదు. ఆవిడ మాట్లాడుతుంటే మా కోళ్ళు అటక మీదికి ఎక్కేవి.

"అమ్మకి పెద్దకూతుర్ని నేను. ఆ చోటు నాది. ఇన్నాళ్ళూ పోనీలే అని వాడుకోనిచ్చా."

"వాడుకోనిచ్చావా? అమ్మ మంచాన పడినప్పుడు ఎక్కడున్నావే? అప్పుడు రాని పెద్దరికం ఇప్పుడు బస్సెక్కి వచ్చిందా?"

ఇలా నెలలు నడిచింది. చివరికి ఇద్దరూ మా ఊరిపెద్ద లివాయ్ దగ్గరికి వెళ్ళారు. లివాయ్ ముసలాయన తొందరపడే రకం కాదు. వక్క నములుతూ, సున్నం నంజుకుంటూ అంతా విన్నాడు. రెండుసార్లు ఎర్రగా ఉమ్మాడు. అప్పుడు చెప్పాడు.

"మన ఆడవాళ్ళలో కాయలు కొట్టే రాయి ఎవరికిస్తే వంటిల్లు వాళ్ళకిచ్చినట్టే. మీ అమ్మ ఆ రాయి ఎవరికిచ్చింది?"

"నాకే," అన్నారు ఇద్దరూ.

"నా పెళ్ళినాడు నా చెయ్యి పట్టుకుని దానిమీద పెట్టింది," అంది జెనీటా.

"దీని పెళ్ళికి ముందే నాకిచ్చేసింది. అప్పటికిది ఇంకా పొట్టిలాగులేసుకుని తిరిగేది, దీనికేం తెలుసు," అంది ఫ్లోరెన్స్.

తల్లి లేచొచ్చి చెప్పేది లేదు. లివాయ్ తల గోక్కున్నాడు. "శనివారం పొద్దున ఆ రాయి దగ్గరికే వస్తాను. ఊరంతా రండి. అక్కడే తేలుస్తాను," అని లేచిపోయాడు. ఎలా తేలుస్తాడో ఆయనకీ తెలియదని నా అనుమానం.

శుక్రవారం పొద్దున నేను బట్టలు ఆరేస్తున్నాను. చప్పుడు లేదు. ఆ చప్పుడు లేకపోతే నాకు ఇంకా కంగారు. ఇంతలో అరటి చెట్ల అవతల నుంచి జెనీటా గొంతు, చాలా సన్నగా వినిపించింది.

"మెలిటా వదినా, ఒకసారి రా. తొందరేం లేదు. పరిగెత్తుకుంటూ రా."

వెళ్ళి చూస్తే ఆవిడ చాప మీద కూర్చుని ఉంది. ఒళ్ళో రాయి. ఊరిపెద్ద వస్తున్నాడు కదా, రాయి శుభ్రంగా కనిపించాలని పొద్దున్నే తవ్వి బయటికి తీసిందట. పీచు పెట్టి తోమింది, కత్తితో పెచ్చు గీకింది. పుట్టి బుద్ధెరిగాక మాలో ఎవరూ ఆ రాయికి నీళ్ళు చూపించలేదు. కాయలు కొట్టే రాయిని ఎవరైనా కడుగుతారా? ఇన్నాళ్ళూ మట్టిలో ఉన్న అడుగుభాగం ఇప్పుడు బయటపడింది. నున్నటి ఇనుము. దాని చుట్టూ రాగి కడియం, తోమిన బిందెలా మెరుస్తోంది.

మా నేలలో వానలు పడితే పుట్టగొడుగులు వస్తాయి, వాటితోపాటు పెద్ద యుద్ధంనాటి పేలని గుండ్లూ పైకి వస్తాయి. రాగి కడియం అంటే ఏమిటో మా బడిలో అక్షరాలకంటే ముందు నేర్పుతారు.

"ఇదేంటి వదినా?" అంది జెనీటా.

"నీకు తెలీదా?"

"తెలుసు. నువ్వు ఇంకేదైనా అంటావేమోనని పిలిచా."

"ఫిరంగి గుండే అది. ముందు ఒళ్ళోంచి దించు."

"దించితే పేలుతుందేమో."

"దించకపోతే?"

ఆలోచించింది. "నువ్వు కాసేపు పట్టుకో. నేను ఆలోచిస్తా."

నాకు ఒళ్ళు మండింది. ఇద్దరం కలిసి, ఊపిరి బిగబట్టి, దాన్ని మెల్లగా పొయ్యి పక్క చాప మీద పడుకోబెట్టాం. నేను ఫోన్ తీశాను. జెనీటా నా మణికట్టు పట్టుకుంది.

"రేపు మధ్యాహ్నం చెబుదాం వదినా. పెద్దాయన తీర్పు చెప్పాక. అప్పటిదాకా అరిటాకు కప్పుతా."

"అప్పటిదాకా ఆగమని దానికి చెప్పు మరి."

"ఇన్నేళ్ళు ఆగింది, ఒక్కరోజు ఆగదా?" అంది. అంతలోనే ఆమె కళ్ళు నిండాయి. "అది పోతే నా చేతిలో ఏముంది? నా మాట, అక్క మాట. అక్క గొంతు పెద్దది. వంటిల్లు పోతే నేనెక్కడ కూర్చుంటా వదినా? ఏం చేసుకు తింటా?"

నిజంగా జాలిపడ్డాను. పడుతూనే పోలీసులకి ఫోన్ చేశాను. ఆ అరటి చెట్ల ఇవతల ఉన్నది నా ఇల్లు కదా.

బాంబుల పోలీసులు తెల్ల బండిలో వచ్చారు. సార్జెంటు క్లెమెంట్ ఇసబెల్ దీవి మనిషి, చర్చిలో పాట ఎత్తుకున్నట్టు మాట్లాడతాడు. వంటింట్లోకి వెళ్ళాడు, వంగి చూశాడు, వెళ్ళినదానికంటే చాలా నెమ్మదిగా వెనక్కి వచ్చాడు. రోడ్డు ఆపించాడు. ఊరందర్నీ బడి మైదానంలోకి తోలాడు. అక్కడ మామిడిచెట్టు నీడన విచారణ మొదలైంది.

"ఆ నెత్తిమీద గుంట ఎవరు చేశారు?"

"ఎవరూ చెయ్యలేదు బాబూ. ముందునుంచీ ఉంది. కాయ అందులోనే నిలబెడతాం," అంది జెనీటా.

"నిలబెట్టి?"

"కొడతాం."

"నెమ్మదిగానేనా?"

జెనీటా దగ్గర్లో ఉన్న రాయి అందుకుని నేలమీద కొట్టి చూపించింది. సార్జెంటు కళ్ళు మూసుకున్నాడు. "అమ్మా, గుండు పేలాలంటే సరిగ్గా అక్కడే దెబ్బ తగలాలి," అన్నాడు. తర్వాత అందరి వైపూ తిరిగాడు. "ఇంకా ఎవరెవరు కొట్టారు?"

ప్రతి ఇంటివాళ్ళూ ఆ రాయి మీద కొట్టినవాళ్ళే. ఇప్పుడు ఒక్కరికీ దాని మొహం గుర్తులేదు. పాస్టరుగారి భార్య ముందుకొచ్చి, "మా ఇంట్లో అసలు ఙాలి పప్పే పడదండీ," అంది. అంటున్నప్పుడు ఆవిడ బుగ్గలో పప్పుంది. నేను చెప్పులకేసి చూసుకుంటూ నిలబడ్డాను.

"సరే," అన్నాడు సార్జెంటు. "అది ఎవరిదో చెప్పండి. వాళ్ళు మాతో స్టేషన్‌కి రావాలి. ఇంట్లో గుండు పెట్టుకోవడం నేరమని అందరికీ తెలుసు కదా."

ఫ్లోరెన్స్ మాట అతని మాట వెనకే వచ్చింది. "జెనీటాదండి. అమ్మ దాని పెళ్ళినాడు దానికే ఇచ్చింది. చెయ్యి పట్టుకుని దానిమీద పెట్టింది. నేను పక్కనే ఉన్నాను, కళ్ళారా చూశాను."

జెనీటా అక్కకేసి చూసింది. నేను జెనీటాకేసి చూశాను. నాది కాదంటే స్టేషన్ తప్పుతుంది, వంటిల్లు పోతుంది. నాదంటే వంటిల్లు దక్కుతుంది, తను పోతుంది. పెదవులు తడుపుకుంది.

"నాదే," అంది. "అమ్మ నాకే ఇచ్చింది."

పక్కన లివాయ్ ముసలాయన వక్క నమలడం ఆపేశాడు. ఫ్లోరెన్స్‌కి అప్పుడు వెలిగింది, తను ఏం మాట్లాడిందో, ఎవరి ముందు మాట్లాడిందో. "అంటే... నేననేది... మొదట నాకే ఇద్దామనుకుందిలే..." అని నసిగింది.

"అయితే మీరూ రండి స్టేషన్‌కి," అన్నాడు సార్జెంటు.

"అబ్బే, అనుకుంది అంతే," అని ఫ్లోరెన్స్ జనంలోకి తగ్గింది. జనం నవ్వారు. లివాయ్ మాత్రం నవ్వలేదు. "నేను విన్నాను. రేపు చెప్పాల్సింది రేపే చెబుతా," అన్నాడు.

జెనీటా మొహంలోకి కొంచెం రంగు వచ్చింది. అప్పుడు సార్జెంటు టోపీ తీసి చేతిలో పట్టుకున్నాడు. "ఇంకో మాటమ్మా. ఇన్ని దెబ్బలు తిన్న గుండుని నేను బండెక్కించలేను. ఉన్నచోటే పేల్చాలి."

"ఉన్నచోటంటే?"

"మీ వంటింట్లోనే."

జెనీటా తల ఊపింది. ఇసకమూటలు పేర్చారు, తీగలు లాగారు, ఈల వేశారు. చప్పుడు వచ్చింది. ఇన్నేళ్ళు నా దవడలో తగిలిన చప్పుడు దీనికి మనవరాలు కూడా కాదు. సాగో కప్పు మొత్తం పైకి లేచి, అక్కడేదో మర్చిపోయినట్టు ఒక్క క్షణం ఆగి, ముక్కలు ముక్కలుగా మా పెరట్లో పడింది. ఆరేసిన నా బట్టల సంగతి అడక్కండి. పొయ్యి లేదు, గుంజలు లేవు. బర్రె పడుకునేంత గుంట ఉంది.

జెనీటాని స్టేషన్‌కి తీసుకెళ్ళి, నాలుగు చివాట్లు పెట్టి, సంతకం చేయించుకుని సాయంత్రానికి పంపేశారు. ఆమె వచ్చేదాకా ఫ్లోరెన్స్ ఆ గుంట ఒడ్డునే నిలబడి ఉంది. ఇంటికి రమ్మని మొగుడు రెండుసార్లు వచ్చాడు. ఆవిడ కదల్లేదు.

శనివారం పొద్దున లివాయ్ వస్తానన్నట్టే వచ్చాడు. వంటిల్లు లేకపోయినా తీర్పు తీర్పే కదా. ఊరంతా గుంట చుట్టూ చేరాం. ముసలాయన లోపలికి తొంగి చూసి, గొంతు సవరించుకుని, "ఈ వంటిల్లు జెనీటాది," అన్నాడు. కొందరు కిసుక్కుమన్నారు. నెలల తరబడి కొట్లాడి గెలిచిన ఆస్తిని జెనీటా అలా చూస్తూ నిలబడింది. ఏడవకుండా ఉండాలని చూసింది గానీ అవలేదు. "అమ్మ కూర్చున్న చోటది," అంది నాతో.

అప్పుడు జనం పక్కకి జరిగారు. ఫ్లోరెన్స్ వస్తోంది. లంగా మోకాళ్ళదాకా తడిసి ఉంది, జుట్టులో ఏటి నాచు. రెండు చేతులతో ఒక రాయిని పొట్టకి ఆనించుకుని, రొప్పుతూ మోసుకొస్తోంది. నాకు వెంటనే అర్థమైంది దొంగబుద్ధి. రాయి ఎవరిదో వంటిల్లు వాళ్ళదన్నాడుగా ముసలాయన. అమ్మ రాయి పోయింది, ఇక ఈవిడ కొత్త రాయి తెచ్చి పాతుకుని ఇక్కడే కూర్చుంటుంది. "చూశారా, చూశారా," అని నేను అనేశాను కూడా.

ఫ్లోరెన్స్ నా వైపు చూడలేదు. నేరుగా చెల్లెలి ముందుకొచ్చి ఆగింది.

"రోజూ దానిమీదికి వంగి కొట్టేదానివా?" అంది. "మొహం అంత దగ్గరగా పెట్టి?"

"కాయ కనబడాలి కదక్కా."

ఫ్లోరెన్స్ జెనీటా కుడిచెయ్యి లాక్కుని, తను తెచ్చిన రాయి మీద గట్టిగా అదిమిపెట్టింది. "పెద్దాయనా, చూస్తున్నారుగా. ఇది నేనివ్వట్లేదు. అమ్మ ఇస్తోంది దీనికి. మళ్ళీ ఎవరూ అడగొద్దు, నేనడిగినా సరే."

లివాయ్ తల ఊపాడు. ఎవరూ నవ్వలేదు. నేను లంగా అంచుతో ముక్కు తుడుచుకున్నాను, దుమ్ము ఇంకా తగ్గలేదు మరి.

జెనీటా ఏడుస్తూనే ఆ రాయిని అటు తిప్పింది, ఇటు తిప్పింది, వంగి అడుగున చూసింది.

"సార్జెంటుకి చూపించావా?" అంది.