చెరువు చూడనియ్యని శాలువాలు

మా బాపు తెలుగు పంతులు. బతుకంత తామరకొలను పద్యాలు చెప్పి చెప్పి రిటైరయిండు. ఆ పద్యాలు రాసిన పాతకాలపు కవి తొర్రూరు దిక్కు ఒక పల్లెల మడి దున్నుకుంట బతికిండని, ఆ ఊరి చెరువును చూసే రాసిండని బాపు నమ్మకం. మేముండే వరంగల్ నుంచి ఎంత దూరమని? ఒక్కనాడన్న పోయిండా అంటే పోలే! బడి, పరీక్షలు, మా పెండ్లిళ్లు.

ఇప్పుడు కండ్లు పోతున్నయి. పోయిన చూపు మళ్ల రాదు, ఉన్నది ఎన్నాళ్లుంటదో చెప్పలేమన్నరు దవాఖానల. ఎండ ఉంటేనే జర కనబడతది, పొద్దు వాలితే ఏం కనబడదు. "ఆ చెరువొక్కటి చూపియ్యి బిడ్డా" అన్నడు. సెలవు పెట్టి, పొద్దుగాల్నే బస్సెక్కిచ్చిన.

దిగంగనే నా పానం ఉసూరుమన్నది. దండలు, డప్పులు, బాపు ఫొటోతోని ఫ్లెక్సీ! వస్తున్ననని ఆ ఊర్ల ఉండే పాత శిష్యునికి తనే ఫోన్ చేసిండట. మా దిక్కు పంతులొచ్చిండంటే శాలువా కప్పకుండ పంపుతరా? "గంటల అయిపోతదక్కా, ఫికర్ చెయ్యకు" అన్నడు శిష్యుడు. ఏం గంట! సర్పంచి రావాలె, మైకు పలకాలె, వచ్చినోళ్లందరు మాట్లాడాలె. శాలువా మీద శాలువా. బాపు చెమటలు కార్చుకుంట నవ్వుతనే ఉన్నడు. నేను శిష్యుని చెవుల చెప్పిన, సైగ చేసిన, ఆఖరికి లేచి "చెరువుకు పోవాలె" అని మొత్తుకున్న. "అన్నం తిన్నంక పోదామక్కా!" చెవిటోని ముందట శంఖం ఊదినట్టే.

కట్ట ఎక్కేసరికి పొద్దు గూకింది. నాకు తామరలు కనబడుతనే ఉన్నయి. బాపు మాత్రం చెరువు ఇటుంటే అటు చూస్తున్నడు.

"రేపు పొద్దుగాల్నే మళ్లొద్దాం" అన్న.

"రేపెట్ల బిడ్డా? పక్కూరోళ్లు పిలిచిండ్రు. శాలువా కప్పుతరట. మాటిచ్చిన."

నా ఒళ్లు మండింది. "నీకు చెరువు కావాల్నా, శాలువాలు కావాల్నా?" అని కట్ట మీదనే అరిచిన.

బాపు కోపం చెయ్యలే. "చెరువుకు నేనెవరో తెల్వదు బిడ్డా. నా కండ్లు పోయినంక చెయ్యి పట్టుకునేది వాళ్లే కద" అన్నడు.

ఆయన చెయ్యి అప్పుడు నా చేతులనే ఉన్నది.