ఆంటీ తిప్పి ఇచ్చిన గిన్నె

ఆంటీ పోయారని ఫోను వచ్చినప్పుడు నేను పనిచేసే జీపీ సర్జరీలో, అంటే మా పేట డాక్టర్ల క్లినిక్కులో, రిసెప్షన్ దగ్గర కూర్చుని ఉన్నాను. సోమవారం ఉదయం. ఫ్లూ ఇంజెక్షన్ల కోసం వచ్చినవాళ్ళు తలుపు దాకా నిలబడి ఉన్నారు. లీసెస్టర్ నుంచి ఆంటీ కూతురు చేసింది. "అక్కా, అమ్మ పొద్దున పోయింది" అంది. పదేళ్ళ అలవాటు కదా, నా నోరు దానంతటదే "ఒక్క నిమిషం లైన్లో ఉండండి" అని ఇంగ్లిషులో అనేసింది. ఆ తరువాత ఆ అమ్మాయి ఏమందో, నేనేమన్నానో గుర్తు లేదు. ఎదురుగా నిలబడ్డ పెద్దాయన తన పుట్టినతేదీ రెండుసార్లు చెప్పాడని పక్క సీటులో అమ్మాయి తరువాత చెప్పింది.

ఆమె మీలో చాలామందికి తెలియదు. పేపర్లో ఫోటో పడే మనిషి కాదు. ఒంగోలు దగ్గర పుట్టి, నర్సింగ్ చదివి, ఇంగ్లండ్ వచ్చి, నార్తాంప్టన్‌లో మిడ్‌వైఫ్‌గా పాతికేళ్ళు పైగా చేసి రిటైరయ్యారు. 2009లో మేము ఇల్లు కొనుక్కుని వచ్చేటప్పటికి పక్కింట్లో ఉన్నారు, అప్పటికింకా డ్యూటీకి వెళ్తూనే ఉన్నారు. రెండు ఇళ్ళకూ మధ్య గోడ ఒకటే. మా ఇంట్లో మిక్సీ వేస్తే ఆమెకు వినపడేది, ఆమె ప్రార్థన పాటలు మాకు వినపడేవి. అంకుల్ అప్పటికే పోయారు.

ఏ ఇంటికి వెళ్ళినా ముందు సింకు దగ్గరకు వెళ్ళి మోచేతుల దాకా చేతులు కడుక్కునేవారు. పసిబిడ్డను పట్టుకోబోతున్నట్టే ఉండేది ఆ కడగడం. మా పాపను ఈ లోకంలో మొదట పట్టుకున్నవి ఆ చేతులే. పక్కింటి మనిషి కాన్పు చేయడానికి హాస్పిటల్ డ్యూటీల పట్టిక ఒప్పుకోదని అందరూ అన్నారు కానీ, ఆ రోజు ఆమె డ్యూటీ అక్కడే పడింది. నేను హాస్పిటల్ పైకప్పు ఎగిరిపోయేలా అరుస్తుంటే ఆమె గొంతు ఏమాత్రం పెంచకుండా, "ఊపిరి తీసుకోమ్మాయ్, మిగతాది అదే వచ్చిద్ది" అన్నారు. తరువాత పాప స్కూల్లో చేరిన రోజు, మా ఆయన ఉద్యోగం ఊడిన రోజు, నా డ్రైవింగ్ టెస్టు మూడోసారి పోయిన రోజు కూడా అదే మాట. నాకు ఒక్కోసారి ఒళ్ళు మండేది. ఊపిరి తీసుకుంటే లైసెన్సు వస్తుందా?

ఆదివారం చర్చి నుంచి వస్తూ మా వంటింటి కిటికీ అద్దాన్ని తాళం చెవితో తట్టేవారు. అంటే టీ పెట్టమని. నా టీ తాగుతూ, "ఇది టీ కాదమ్మాయ్, పాయసం" అని వంక పెడుతూనే కప్పు ఖాళీ చేసేవారు. ఒకసారి ఆమె దగ్గర కాన్పయిన జపాన్ తల్లి వెళ్ళిపోతూ ఒక చిన్న డబ్బా ఇచ్చిందని తెచ్చారు. లోపల పచ్చటి పొడి. టీయే కదా అని ఇద్దరం పాలు పోసి, అల్లం దంచి వేసి, మూడు పొంగులు పొంగించాం. గోరింటాకు కషాయంలా వచ్చింది. మొహమాటానికి ఇద్దరం సగం తాగాం. "వాళ్ళు దీన్ని ఎట్టా తాగతారో కళ్ళారా చూడాల్సిందే" అన్నారు ఆంటీ.

ఇక్కడ నేనొక సంగతి చెప్పాలి. దాచి రాస్తే ఇది ఆమె గురించి రాసినట్టు కాదు.

తరువాత కొన్నేళ్ళకు ఒక వేసవిలో మా అత్తగారు ఆరు నెలల వీసా మీద వచ్చారు. మంచి మనిషే, పాపకు కథలు చెప్పేవారు, నాకు కాలు నొప్పి వస్తే నూనె రాసేవారు. పక్కింటావిడ చర్చికి వెళ్తుందని తెలిశాక వాళ్ళు ఎవరని నన్ను అడిగారు. ఆ మరుసటి ఆదివారం ఆంటీ తాగి వెళ్ళిన నీలం పువ్వుల కప్పు మిగతా కప్పులతో కలవలేదు. విడిగా కడిగి, కిటికీ గట్టు మీద ఒక మూలకు పెట్టారు. ప్రతి వారం ఆ కప్పులోనే టీ. నేను చూశాను. చూసి, ఆరు నెలలే కదా, ఇంట్లో గొడవెందుకు అనుకున్నాను. అత్తగారు విమానం ఎక్కిన రోజే కప్పును అలమరలో పెట్టి అంతా సర్దేశాననుకున్నాను.

కొన్ని నెలలకు ఆంటీ మా ఇంట్లో టీ ముట్టడం మానేశారు. వచ్చేవారు, చేతులు కడుక్కునేవారు, కూర్చునేవారు. టీ అంటే మాత్రం ఇప్పుడే తాగానని, కడుపులో బాగాలేదని, ఏదో ఒకటి. ఎందుకో నాకు తెలుసనుకున్నాను. అడగాలంటే ముందు నేను ఒప్పుకోవాలి. ఒప్పుకునే ధైర్యం లేక ఆమె మీదే కోపం పెంచుకున్నాను. ఎవరో చేసిన దానికి నన్ను సాధిస్తున్నారని మా ఆయనతో అన్నాను కూడా. ఎవరో చేశారట!

అలాంటప్పుడు ఒక ఆదివారం పేపర్లో వచ్చిన కరపత్రం పట్టుకుని ఆమె వచ్చారు. జపాన్‌లో ఎనిమిది రోజులు, గుళ్ళూ తోటలూ తేనీటి మర్యాదలూ, గైడుతో సహా. ఒంటరిగా వెళ్ళలేను, నువ్వు రాకూడదా అన్నారు. పాపను చూసుకుంటానని మా ఆయన అన్నాడు. నేను ప్రాయశ్చిత్తానికి వెళ్తున్నట్టు బయలుదేరాను. అది 2015, ఆకులు రంగు మారే కాలం.

గుంపులో మేమిద్దరం తప్ప అందరూ రిటైరైన ఇంగ్లిషు జంటలు. గైడు చిన్న పసుపు జెండా పట్టుకున్న నడివయసు జపాన్ ఆవిడ. ఎర్రటి ద్వారాలు వరసగా ఉన్న కొండ ఎక్కించింది. ఒక గుడి ముందు రాతి తొట్టి, వెదురు గరిటెలు ఉన్నాయి. గైడు చెప్పేది పూర్తిగా వినకుండా నేను నీళ్ళు అరచేతిలో పోసుకుని తీర్థంలా తాగేసి, తడి చెయ్యి తలకు రాసుకున్నాను. అవి చేతులు కడుక్కుని, పుక్కిలించి ఉమ్మే నీళ్ళట. గైడు ఎంత మర్యాదగా చెప్పిందంటే తప్పు తనదే అన్నట్టుంది.

ఆంటీ మొదటి రోజే నాతో, చూడటానికి వచ్చాను కానీ మొక్కడానికి కాదని తేల్చి చెప్పారు. అయినా చెప్పులు విడవాల్సిన చోటల్లా అందరికంటే ముందు విడిచి, జంటను గోడవైపు చక్కగా సర్ది లోపలికి నడిచేవారు. గులకరాళ్ళ తోట ఒకటి చూశాం. అందులో పెద్ద రాళ్ళు పదిహేను, ఎక్కడ కూర్చున్నా ఒకటి కనపడదట. నేను ఆ మూల నుంచి ఈ మూలకు తిరిగి లెక్కపెట్టాను. ఆంటీ కదలలేదు. "కనపడకపోతే ఏంది, ఉంది గదా" అన్నారు. అరగంట అక్కడే కూర్చున్నారు.

మొదటి నాలుగు రోజులూ ఆమె హోటల్లో గానీ బస్సులో గానీ టీ తాగలేదు. మూత ఉన్న సీసాలో నీళ్ళే. నా ఎదుట టీ తాగకూడదని ఒట్టు పెట్టుకున్నారేమో అనుకున్నాను.

అయిదో రోజు టీ ఇంటికి తీసుకెళ్ళారు. గది చిన్నది కాబట్టి నలుగురు చొప్పున పంపారు. మేమిద్దరం, ఒక ఇంగ్లిషు జంట. లోపలికి పోయే ద్వారం నడుము ఎత్తు కూడా లేదు. ఎంతటివాళ్ళయినా వంగి రావాల్సిందేనని, అందుకే అలా కట్టారని గైడు చెప్పింది. లోపల బూడిదరంగు కిమోనో కట్టుకున్న పెద్దావిడ పచ్చటి పొడిలో కాసిని వేడినీళ్ళు పోసి వెదురు కవ్వంతో కలుపుతోంది. ఇది చిక్కటి టీ అని, నలుగురికీ ఒకటే గిన్నె అని గైడు మెల్లగా వివరించింది. పెద్దవాళ్ళు ముందు మూడు గుక్కలు తాగి, అంచు తుడిచి, గిన్నె ముఖం, అంటే బొమ్మ ఉన్న పక్క, పక్కవాళ్ళ వైపు వచ్చేలా తిప్పి అందించాలట.

ఆంటీ ముఖం మారిపోయింది. నా వైపు వంగి, "నేను బయట కూర్చుంటాలే అమ్మాయ్" అన్నారు.

ఇంత దూరం వచ్చి కూడా నాతో టీ తాగరన్నమాట. నాకు దుఃఖం వచ్చింది, కోపం వచ్చింది. "ఒక్క గుక్క, నాకోసం తాగండి ఆంటీ" అన్నాను. ఆమె నన్ను కాసేపు చూసి, మళ్ళీ సర్దుకుని కూర్చున్నారు.

గిన్నె వచ్చింది. ఎడమ అరచేయి కింద, కుడిచేయి పక్కన పెట్టి పట్టుకోవాలి. అప్పుడు చూశాను. ఆమె కుడిచెయ్యి వణుకుతోంది. చలికి వణికినట్టు కాదు, ఆగకుండా. రెండు చేతులతో గిన్నెను ఛాతీకి దగ్గరగా తెచ్చుకుని, మూడు గుక్కలు తాగారు. చుక్క కింద పడలేదు. అంచు తుడవడానికి చాలాసేపు పట్టింది. ఎవరూ తొందరపెట్టలేదు. కిమోనో ఆవిడ కళ్ళు దించుకుని అలాగే ఉంది. తుడిచి, తిప్పి, నాకు ఇచ్చారు.

నా మనసంతా ఆ చెయ్యి మీదే ఉంది. నా చేతులేమో మా అమ్మ నేర్పిన పని చేసేశాయి. తల వెనక్కి వంచి, గిన్నె పైకెత్తి, పెదవులు తగలకుండా పోసుకోబోయాను. చిక్కటి టీ కదా, ముందు కదల్లేదు. తరువాత ముద్దగా జారి గడ్డం మీద పడి, అక్కడి నుంచి నా తెల్ల స్వెటర్ మీదికి దిగింది. ఇంగ్లిషు జంట చాప వైపు చూస్తున్నారు. నేనేం చేశానో అప్పుడు అర్థమైంది. ఆమె తాగిన గిన్నె, ఆమె ఎదురుగానే, ఎంగిలి తగలకుండా ఎత్తి పోసుకున్నాను. కిటికీ గట్టు మీద కప్పు పెట్టిన అత్తగారికీ నాకూ తేడా ఏముంది? అక్కడే నేల చీలితే బాగుండుననిపించింది.

ముందు నవ్వింది ఆంటీ. కడుపు పట్టుకుని నవ్వారు. కిమోనో ఆవిడ చేతిని నోటికి అడ్డం పెట్టుకుంది. ఆంటీ తన ముందున్న మడత కాగితం తీసి, వణికే చేత్తోనే నా గడ్డం తుడిచారు.

"ఊపిరి తీసుకోమ్మాయ్. మూతి పెట్టి తాగు. తుడిచే ఇచ్చా" అన్నారు.

మూతి పెట్టి తాగాను. మొదట చేదు. మింగాక గొంతులో ఎక్కడో తీపి.

బయట మేపుల్ చెట్టు కింద బెంచీ మీద కూర్చున్నాక, ఇంక ఆగలేక చెప్పేశాను. అత్తగారు ఆమె కప్పు వేరే పెట్టారని, నేను చూసి నోరు మూసుకున్నానని. తెలుసన్నారు. అందుకేనా మా ఇంట్లో టీ మానేశారని అడిగాను.

"అందుకు మానేసేదాన్నయితే ఈపాటికి ఎప్పుడో దాహంతో పోయేదాన్ని" అని నవ్వి, కుడిచెయ్యి నా ఒళ్ళో పెట్టారు. అది నా ఒళ్ళో కూడా ఆగలేదు. "ఇదమ్మాయ్ సంగతి. కప్పు పట్టుకుంటే సాసర్లో గలగలమంటది. ఎంతమంది బిడ్డల్ని పట్టిన చేతులు! నీ ముందు ఒలకబోసుకోవటం ఇష్టంలేక మానేశా."

తరువాత నా వైపు చూడకుండా అన్నారు: "కప్పు సంగతి నువ్వే చెప్తావేమోనని మాత్రం చూశా. ఇప్పటికి చెప్పావు."

నేను ఏడ్చాను. ఆమె నన్ను ఆపలేదు. బస్సు దగ్గర గైడు మమ్మల్ని రెండుసార్లు లెక్కపెట్టింది.

ఒక గిన్నె కొనుక్కుని వచ్చాం. గోధుమరంగుది, ఒక పక్క మాత్రం ఆకు బొమ్మ ఉంటుంది. వెదురు కవ్వం కూడా తెచ్చుకున్నాం. అప్పటి నుంచి ఆదివారం చర్చి అయ్యాక మా వంటింట్లో ఒకే గిన్నె టీ, ముందు ఆమె, తరువాత నేను. చెరువు నీళ్ళలా ఉందని మా పాప ఇంగ్లిషులో అంటూ ముక్కు మూసుకునేది. కప్పుకు చెవి ఉంటే ఒక చెయ్యే పని చేస్తుందని, గిన్నెకైతే రెండు చేతులూ కావాలని ఆంటీ అందరికీ చెప్పేవారు. డాక్టర్లు జబ్బు పేరు చెప్పారు, మాత్రలు ఇచ్చారు. మరుసటి ఏడు అత్తగారు వచ్చినప్పుడు నీలం పువ్వుల కప్పు మళ్ళీ గట్టు మీదికి జరిగింది. నేను తీసి అందరి కప్పుల మధ్య పెట్టాను. నాలుగు రోజులు మాకు మాటల్లేవు. అయిదో రోజు ఆవిడే కాలికి నూనె రాస్తానని వచ్చారు.

చివరి నెలల్లో ఇంటికొచ్చి ఆమెను చూసుకునే కేరర్లు, పసిపిల్లలకు ఇచ్చేలాంటి ముక్కు ఉన్న ప్లాస్టిక్ కప్పు తెచ్చారు. ఆంటీ ముఖం తిప్పేసుకున్నారు. అందుకని ఆదివారాలు నేనే గిన్నె పట్టుకుని పక్కింటికి వెళ్ళేదాన్ని. ఆమె చేతుల చుట్టూ నా చేతులు వేస్తే రెండు గుక్కలు తాగేవారు. తుడవడం మాత్రం నన్ను చేయనిచ్చేవారు కాదు.

సమాధి కార్యక్రమం అయిన తరువాతి ఆదివారం, ఎవరూ కిటికీ తట్టకపోయినా నేను నీళ్ళు కాచాను. పొడి వేసి కవ్వంతో కలిపాను. పెద్దవాళ్ళు ముందు తాగాలి కదా, ఆకు బొమ్మ మా ఇద్దరి గోడ వైపు ఉండేలా గిన్నెను బల్ల మీద పెట్టాను. అటువైపు ఏ చప్పుడూ లేదు. ఆ చెయ్యి అంచు తుడవడానికి ఎంతసేపు పట్టేదో నాకు బాగా తెలుసు. అంతసేపూ ఆగాను. తరువాత ఆకును నా వైపు తిప్పుకుని, గిన్నెను రెండు చేతులతో తీసుకుని, మూతి పెట్టి తాగాను.