అడుగు ఎత్తు పెంచిన ప్రభ

2018 శివరాత్రికి జరిగిన సంగతి ఇది. నరసరావుపేటలోని మా బోర్డుల షాపులో పెళ్లి స్టేజీలకూ, డాన్సు ప్రోగ్రాములకూ, తిరునాళ్ల ప్రభలకూ పలకలు కోసి ఇచ్చేవాళ్లం. ప్రభ అంటే ఇనుప చట్రానికి బొమ్మల పలకలు బిగించి, లైట్లు పెట్టి, ట్రాక్టరు మీద తిరునాళ్ల జరిగే కొండ దాకా ఊరేగించే ఎత్తయిన కట్టడం. పక్క ఊరి ప్రభ కంటే తమది ఓ అడుగైనా ఎత్తుండాలని మా వైపు ప్రతి ఊరికీ పంతం.

మా డిజైన్లన్నీ ఒక పాత సైన్ సాఫ్ట్‌వేర్‌లో ఉండేవి. కంప్యూటరు వెనక డాంగిల్ అనే చిన్న ప్లగ్గు పెడితేనే అది తెరుచుకునేది. అందులో బొమ్మ ఒక లేయర్‌లో, అంటే ఒక పొరలో, బోల్టుల బెజ్జాలు మరో పొరలో ఉండేవి. బెజ్జాల పొరకు తాళం వేసి ఉంచేవాళ్లం. బొమ్మను ఎంత సాగదీసినా బెజ్జాలు చట్రానికి సరిపోయే చోటే నిలిచేవి. ఆ కంప్యూటరు ఎప్పుడు ఆగిపోతుందోనన్న భయంతో ఆ ఏడాది ఫైళ్లన్నీ కొత్త సాఫ్ట్‌వేర్‌లోకి మార్చాం. బొమ్మలు చక్కగా వచ్చాయి. తాళాలు రాలేదని మాకెవరికీ తెలియదు.

ఆంజనేయులు అనే రైతు తన ఊరి ప్రభ పని మీద వచ్చాడు.

"ఈసారి అడుగు పెంచాల బాబాయ్. పక్కూరోళ్లకి మెడలు పట్టెయ్యాల."

"చట్రం పాతదేనా?" అన్నాడు కంప్యూటరు ముందున్న మా బావమరిది నాగేశ్వరరావు.

"అదే. పైన నాలుగు గడలు అతికిస్తాం."

నాగేశ్వరరావు బొమ్మను మౌసుతో పైకి సాగదీశాడు. పలకలు కోశాం, పంపాం.

పండగ రోజు మధ్యాహ్నం ఆంజనేయులు ఫోన్ చేశాడు. "చానా బాగుంది బాబాయ్. కింద బోల్టులు సరిగ్గా పడ్డయ్. పైకి పోయేకొద్దీ బెజ్జాలు తప్పినయ్. పైపలకని తీగతో కట్టేశాం."

బెజ్జాలు బొమ్మతోపాటు సాగాయని అప్పుడు అర్థమైంది. "పైన ఎవరున్నారు?" అన్నాను.

"మా తమ్ముడు గోపీ. కరెంటు తీగలు తప్పిస్తన్నాడు."

"ఆపించు. వాణ్ని దించు."

"నడిరోడ్డు మీద ఆపితే పరువేముంటది బాబాయ్?" అని ఫోన్ పెట్టేశాడు.

స్కూటరు మీద ఎదురెళ్లాను. గుంత వచ్చినప్పుడల్లా పైపలక చట్రం నుంచి ఎడంగా వచ్చి, మళ్లీ వచ్చి కొట్టుకుంటోంది. డప్పుల మోతలో ఆ చప్పుడు ఎవరికీ వినబడటం లేదు. నాకు అది తప్ప ఇంకేమీ వినబడలేదు. ఆ పలక వెనకే గోపీ కాళ్లు వేలాడేసి కూర్చుని ఉన్నాడు. ట్రాక్టరు పక్కన నడుస్తున్న ఆంజనేయులు భుజం పట్టుకున్నాను.

"ఒరేయ్, నా మాట వినొద్దు. ఒక్కసారి తలెత్తి చూడు."

చూశాడు. పరుగున పోయి ట్రాక్టరుకు అడ్డం నిలబడ్డాడు.

వెనకొస్తున్న పక్క ఊరి ట్రాక్టరు మీద నుంచి ఎవరో అరిచారు. "ఏందన్నా, డీజిల్ అయిపోయిందా?"

ఆంజనేయులు అటు తిరగలేదు. జనాన్ని వెనక్కి నెట్టి, తమ్ముణ్ని దిగమన్నాడు. గోపీ సగం దిగేసరికి పైపలకను కట్టిన తీగ తెగింది. పలక విరిగి, ఇందాక అతను కూర్చున్న కమ్మీ మీదుగా జారి రోడ్డు మీద పడింది. లైట్లు పగిలిన చప్పుడుకి డప్పులు ఆగిపోయాయి. గోపీ చట్రాన్ని కరుచుకుని అక్కడే ఉండిపోయాడు. ఇద్దరు ఎక్కి చేతులు విడిపించి దించారు. ఆంజనేయులే గ్లాసు పట్టి నీళ్లు తాగించాడు.

పైపలక లేకుండానే ప్రభ కొండ దాకా పోయింది, అన్ని ఊళ్ల ప్రభల కంటే పొట్టిగా.

సాఫ్ట్‌వేర్ మారినప్పుడు బొమ్మ వచ్చిందా అని చూస్తే చాలదనీ, కంటికి కనబడని కట్టుబాట్లు కూడా వచ్చాయో లేదో చూసుకోవాలనీ ఆ రోజు తెలిసింది. తర్వాత కాగితం మీద బెజ్జాలు గీసి, చట్రానికి ఆనించి చూశాకే పలక కోశాం. ఎత్తు పెంచమని వచ్చిన ప్రతి ఒక్కరినీ, పైకెక్కేది ఎవరని ముందు అడిగేవాణ్ని. కొందరు తమ్ముడి పేరో కొడుకు పేరో చెప్పి, పోయినేటి ఎత్తే ఉంచమనేవాళ్లు.